పరిగె ఏరుకుంటే దొంగతనమా?

కోత అయిపోయిన చేలో రాలి మిగిలిన కంకుల్ని ఏరుకోవడాన్ని పరిగె ఏరుకోవడం అంటారు. మన ఊళ్ళలో ఆ పని ముసలమ్మలూ చిన్నపిల్లలూ చేస్తారు. చేను ఎవరిదైనా పరిగె ఏరేవాళ్ళను అదిలించడం మర్యాద కాదు. రాలిన గింజలో పిట్టకు వాటా ఉంది, చీమకు వాటా ఉంది, ఇంట్లో గింజ లేని మనిషికీ వాటా ఉంది. దీన్ని మనకు ఏ పుస్తకమూ నేర్పలేదు.

పరిగె ఏరుకున్నందుకు పదేళ్ళు జైలు వేసిన దేశం ఒకటుంది. అది జమీందారుల దేశమేమీ కాదు. భూమి మొత్తం ప్రజలదే అని చాటుకున్న సోవియట్ దేశం. 1932 ఆగస్టు 7న అక్కడ ఒక శాసనం వచ్చింది. సమష్టి వ్యవసాయ క్షేత్రం సొత్తు దొంగిలిస్తే కాల్చివేత. శిక్ష తగ్గించదలిస్తే కనీసం పదేళ్ళ జైలు. పల్లె జనం దానికి 'ఐదు కంకుల చట్టం' అని పేరు పెట్టుకున్నారు. ఆ చట్టం కింద జైలుకు పోయిన వాళ్ళలో ఆ చేను తామే దున్ని, తామే విత్తి, తామే కోసిన రైతులు ఎందరో ఉన్నారు.

చేను అందరిదీ. ఆకలితో ఉన్న ఆ తల్లి కూడా ఆ అందరిలో ఒకతె. మరి ఆమె ఒడిలో వేసుకున్న కంకి ఎవరిది? ఈ ప్రశ్నను మన యువకులూ, మనతోటి ఉపాధ్యాయులూ తీరిగ్గా ఆలోచించాలని ఈ వ్యాసం రాస్తున్నాం. అడవిలో వెదురు నరికినందుకు, కట్టెలు తెచ్చుకున్నందుకు కేసులు రాయించుకున్న జనం మనం. కాబట్టి ఇది మనకు దూరదేశపు ప్రశ్న అయితే కాదు.

నలభై దాటిన మన తరం వాళ్ళకు సోవియట్ పుస్తకాలు గుర్తుండే ఉంటాయి. మాస్కోలో తెలుగులో అచ్చై విశాలాంధ్ర పుస్తకశాలల్లో చాలా తక్కువ ధరకు దొరికేవి. వాటిలో సమష్టి వ్యవసాయ క్షేత్రం అనే మాట తరచుగా కనిపించేది. రష్యన్ భాషలో దాన్నే కోల్ఖోజ్ అంటారు. కిర్గిజ్ రచయిత చింగీజ్ ఐత్‌మాతొవ్ రాసిన 'జమీల్యా' తెలుగులో చదివిన వాళ్ళకు ఆ పల్లె తెలుసు. మగవాళ్ళు యుద్ధానికి పోతే ఆడవాళ్ళూ కుర్రాళ్ళూ కోల్ఖోజ్ ధాన్యాన్ని బళ్ళకెత్తి రైల్వే స్టేషనుకు తోలతారు. ఐత్‌మాతొవ్ కూడా అలాంటి పల్లెలోనే పెరిగాడు. పద్నాలుగేళ్ళకే ఊరి సోవియట్‌కు కార్యదర్శిగా పనిచేశాడు. ఆ బస్తాల బరువు ఆయనకు తెలిసిన బరువే.

కథల్లోంచి బయటికి వచ్చి, 1950 ప్రాంతంలో ఒక మామూలు రష్యన్ కోల్ఖోజ్ కుటుంబం రోజు ఎలా గడిచేదో చూద్దాం.

తెల్లవారక ముందే తల్లి లేస్తుంది. ముందు ఇంటి ఆవు పాలు పితకాలి. తర్వాత ఇటుకల పెద్ద పొయ్యి రాజెయ్యాలి. చలి దేశం కాబట్టి ఆ పొయ్యే ఇంటికి ప్రాణం. వంట దాని మీదే, ముసలివాళ్ళు వెచ్చగా పడుకునేదీ దాని మీదే. ఇంతలో బ్రిగేడ్ నాయకుడు వీధిలో నడుస్తూ కిటికీలు తట్టి ఈ రోజు ఎవరు ఏ పనికి పోవాలో చెబుతాడు. ఒకరిని గడ్డికోతకు, ఒకరిని పేడ మోయడానికి, ఒకరిని పశువులశాలకు పంపిస్తాడు. చాలా ఇళ్ళలో మగవాళ్ళు యుద్ధం నుంచి తిరిగి రాలేదు. అందుచేత బరువు పనులు కూడా ఆడవాళ్ళ మీదే పడ్డాయి. ట్రాక్టర్లు ఉండేవి గానీ 1958 దాకా అవి కోల్ఖోజ్ సొత్తు కాదు. ప్రభుత్వ యంత్ర కేంద్రం సొత్తు. దున్నినందుకు ఆ కేంద్రానికి పంటలో వాటా కొలిచేవాళ్ళు.

సాయంత్రం పని ముగిశాక లెక్క రాసే మనిషి పుస్తకంలో ఒక గీత పెడతాడు. డబ్బు చేతికి రాదు. ఆ గీత పేరు పనిదినం. అది మన కూలి రోజులాంటిది కాదు. బరువైన పని చేస్తే ఒక రోజుకు రెండు పనిదినాలు పడొచ్చు, కాపలా కాస్తే అర పనిదినమే పడొచ్చు. ఏడాది చివర ఆ గీతలన్నీ కూడి పంట పంచుతారు. ఆ పంపకంలో వరుస ఎలా ఉండేదో గమనించండి. ముందు ప్రభుత్వానికి నిర్ణయించిన కోటా, అదీ చాలా తక్కువ ధరకు. తర్వాత యంత్ర కేంద్రం వాటా. తర్వాత విత్తనాలు, పశువుల మేత. ఇవన్నీ పోగా ఏమైనా మిగిలితే అది పండించిన వాళ్ళకు. బీద కోల్ఖోజ్‌లలో ఒక పనిదినానికి కొన్ని వందల గ్రాముల ధాన్యం వచ్చేది. కొన్నేళ్ళు అదీ రాలేదు. పుస్తకంలో పెట్టే ఆ గీతల్ని జనం 'పుల్లలు' అని పిలుచుకునేవారు. పుల్లల కోసం పనిచేస్తున్నాం అనేది వాళ్ళ మాట.

మరి ఆ కుటుంబం ఏం తిని బతికింది? ఇంటి వెనక పెరడు తిని బతికింది. 1935లో వచ్చిన నమూనా నిబంధనావళి ప్రకారం కోల్ఖోజ్ కుటుంబానికి పావు హెక్టారు నుంచి అర హెక్టారు దాకా సొంత పెరడు ఉండొచ్చు. మన లెక్కలో అర ఎకరం పైచిలుకు నుంచి ఎకరంబావు దాకా. సాగు ప్రాంతాల్లో ఒక ఆవు, రెండు దూడలు, పిల్లలతో ఒక ఆడపంది, పది దాకా గొర్రెలూ మేకలూ, ఎన్నయినా కోళ్ళు పెంచుకోవచ్చు. పొద్దంతా కోల్ఖోజ్ పని చేసిన తల్లి చీకటి పడ్డాక ఈ పెరట్లో బంగాళాదుంప పాదులు గొప్పు తవ్వేది. బడి నుంచి వచ్చిన పిల్లలు కలుపు తీసేవాళ్ళు. ఆవుకు గడ్డి కావాలంటే అడవి అంచుల్లో, బాట పక్కన గట్ల మీద దొరికినంత కోసుకోవాలి. ఆ పెరటి మీద కూడా పన్ను ఉండేది. పాలు, మాంసం, గుడ్లు ప్రభుత్వానికి ఇంత అని కట్టాలి. పండ్ల చెట్లకు పన్ను వేస్తే భరించలేక ఆపిల్ చెట్లు నరికేసుకున్న వాళ్ళున్నారు. పెరటి సరుకు మీద ఈ కట్టుబడి 1958 నుంచి పోయింది.

ఇప్పుడు ఒక లెక్క. 1970ల నాటికి దేశం మొత్తం సాగుభూమిలో ఇలాంటి సొంత పెరళ్ళ వాటా సుమారు 3 శాతం. వ్యవసాయ ఉత్పత్తిలో వాటి వాటా సుమారు పావు వంతు. ఆ నేల మీద అంత పంట తీసింది ఎవరు? పగలు ఉమ్మడి చేలో కాళ్ళీడ్చుకుంటూ నడిచిన వాళ్ళే.

ఈ లెక్క చూపించి కొందరు ఒక తీర్పు చెబుతారు. మనిషి పుట్టుకతోనే స్వార్థపరుడు, తనదైతేనే చెమటోడుస్తాడు, ఉమ్మడి అనే మాట మనుషులకు పడదు అంటారు. ఇంకో పక్కవాళ్ళు, ఆ రైతులకు చైతన్యం చాలలేదు, పాత బుద్ధులు వదలలేదు అంటారు. ఈ రెండు తీర్పులూ తప్పు ఆ తల్లి మీదే వేస్తున్నాయి. మాకు రెండూ నచ్చవు. నచ్చకపోవడానికి కారణం ఉంది.

ఆ రష్యన్ పల్లె ఉమ్మడితనం ఎరగని పల్లె కాదు. అక్కడ 'పొమొచ్' అనే ఆచారం ఉండేది. ఎవరికైనా ఇల్లు కట్టాలన్నా, భర్త పోయిన ఆడమనిషి చేను కోయాలన్నా ఇరుగుపొరుగు కదిలి వచ్చేవాళ్ళు. కూలి లేదు, ఆ ఇంటివాళ్ళు అందరికీ భోజనం పెట్టేవాళ్ళు. ఈ రోజు మీ చేలో మేము, రేపు మా చేలో మీరు అనే మన పద్ధతికి ఇది దగ్గరి చుట్టం. అంతే కాదు. 'మీర్' అనే ఊరి కట్టు కింద ఇంటి పెద్దలు సభ కూడి, ఇంటింటి మనుషుల లెక్క చూసి, కొన్నేళ్ళకోసారి పొలాలు మళ్ళీ పంచుకునేవారు. అలాంటి కట్టును 1930లో కోల్ఖోజ్‌లు వచ్చిన చోటల్లా రద్దు చేశారు. ఉమ్మడితనం తెలిసిన జనానికి పైనుంచి వేరే ఉమ్మడితనం నేర్పబోయారు.

అది ఎలా నేర్పారో కూడా చెప్పుకోవాలి. 1929 చివరి నుంచి ఊళ్ళను కోల్ఖోజ్‌లలోకి తోలారు. కాస్త కలిగిన వాళ్ళనీ, ఎదురు మాట్లాడిన వాళ్ళనీ ధనిక రైతులని ముద్రవేసి, 1930, 1931 సంవత్సరాల్లో సుమారు 18 లక్షల మందిని కుటుంబాలతో సహా చలి ప్రాంతాలకు తరలించారు. తమ ఆవునూ గుర్రాన్నీ అప్పగించడం ఇష్టంలేని రైతులు వాటిని కోసుకు తిన్నారు. కొన్నేళ్ళలోనే దేశంలో పశుసంపద సగానికి పడిపోయింది. 1930 మార్చి 2న స్టాలిన్ స్వయంగా ఒక వ్యాసం రాసి, బలవంతం చేసిన తప్పును కింది అధికారుల మీదకు నెట్టాడు. వెంటనే జనం కోల్ఖోజ్ వదిలి బయటికి నడిచారు. అప్పటికి సగానికి పైగా రైతు కుటుంబాలు కోల్ఖోజ్‌లో ఉన్నాయని కాగితం చెబుతోంది. కొన్ని నెలల్లో అది పావు వంతు కంటే కిందికి దిగింది. ఆ నడకే రైతుల ఓటు అని మేము అనుకుంటాం. తర్వాత మళ్ళీ ఒత్తిడి పెంచి అందరినీ లోపలికి తెచ్చారు. 1932-33లో ఉక్రెయిన్‌లోనూ, మరికొన్ని ధాన్యపు ప్రాంతాల్లోనూ కరువు వచ్చి లక్షల మంది చనిపోయారు. ధాన్యం పండించిన చేతులే గింజలేక ఆగిపోయాయి. ఐదు కంకుల చట్టం వచ్చింది ఆ రోజుల్లోనే.

ఇందులో మనం ప్రత్యేకంగా చదవాల్సింది కజాఖ్‌ల సంగతి. వాళ్ళు గడ్డిమైదానాల్లో పశువుల వెంట తిరిగే జనం. వాళ్ళ తిండి, పెళ్ళి, బంధుత్వం అన్నీ పశువుల చుట్టూ అల్లుకున్నవి. ఒకచోట స్థిరపడండి, పశువుల్ని ఇవ్వండి, కోటా కట్టండి అన్నారు వాళ్ళను. 1930-33 మధ్య కజకిస్తాన్‌లో సుమారు 15 లక్షల మంది ఆకలితో, రోగాలతో పోయారు. వాళ్ళలో ఎక్కువమంది కజాఖ్‌లే. మీ బతుకు వెనకబడిన బతుకు, మేము చెప్పినట్టు మారండి అని వచ్చిన వాళ్ళు చెడ్డ మనసుతోనే వచ్చి ఉండనక్కరలేదు. ఆ జనాన్ని అడగకపోవడం చాలు, అంత నాశనానికి. పోడు చేసే మన తాతలకు కూడా ఇలాంటి మాట ఎన్నిసార్లు వినిపించిందో మనకు తెలుసు.

న్యాయంగా రెండో వైపు కూడా చెప్పాలి. అదే దేశం పల్లెపల్లెకూ బడి ఇచ్చింది, చదువురాని అవ్వలకు అక్షరాలు దిద్దించింది, ఆడపిల్లల్ని ట్రాక్టరు ఎక్కించింది. యుద్ధంలో సైన్యానికీ పట్టణాలకూ అన్నం పెట్టింది ఈ కోల్ఖోజ్ ఆడవాళ్ళే. వాళ్ళు ఆ సంగతి గర్వంగా చెప్పుకుంటే అది దొంగ గర్వం కాదు. తర్వాత రోజుల్లో బతుకు మెరుగుపడింది కూడా. 1964లో కోల్ఖోజ్ రైతులకు పింఛను చట్టం వచ్చింది. 1966 నుంచి పుల్లల బదులు నెలనెలా ఖాయమైన జీతం వచ్చింది. 1932 చివర్లో పట్టణాల వాళ్ళకు గుర్తింపు పత్రాలు ఇచ్చినప్పుడు కోల్ఖోజ్ రైతులకు ఇవ్వలేదు. అది లేనిదే మనిషి తన ఇష్టానికి ఊరు దాటి వేరేచోట స్థిరపడలేడు. దాన్ని వాళ్ళకూ ఇవ్వాలన్న నిర్ణయం 1974లో గానీ జరగలేదు. అంటే ఒక తరం పుట్టి, పెరిగి, ముసలిదయ్యేంత కాలం, 'ఈ భూమికి యజమానివి నువ్వే' అని చెప్పి ఆ యజమానిని గేటు దాటనివ్వలేదు.

ఇక్కడ మన ప్రశ్న దగ్గరికి వద్దాం. ఒక వస్తువు మనది అని ఎప్పుడు అనగలం?

దాని మీద పనిచేస్తే చాలదు. పాలేరు కూడా పనిచేస్తాడు. కాగితం మీద మన పేరు ఉంటే చాలదు. కోల్ఖోజ్ నిబంధనావళిలో సభ్యుల సర్వసభ్య సమావేశమే అన్నిటికంటే పెద్ద అధికారం అని రాసి ఉంది. అధ్యక్షుడిని సభ్యులే ఎన్నుకోవాలని రాసి ఉంది. జరిగింది ఏమిటంటే, పేరు జిల్లా నుంచి వచ్చేది, సభలో చేతులు లేచేవి. ఎంత విత్తాలో, ఎంత కట్టాలో, మిగిలింది ఎలా పంచాలో ఆ చేతులు నిర్ణయించలేదు. విత్తే చోట అందరూ ఉన్నారు, పంచే చోట మాత్రం లేరు.

మా ఆలోచన ఇది. పంచే చోట కూర్చున్నప్పుడే ఉమ్మడి సొత్తు మనది అవుతుంది. లెక్క మన కళ్ళ ముందు జరగాలి. వద్దు అనే మాటకు విలువ ఉండాలి. విత్తనం తర్వాత, పన్ను కన్నా ముందు, పండించిన వాళ్ళ కడుపు లెక్కలోకి రావాలి. ఇవి ఉన్నచోట ఉమ్మడి చేనుకీ సొంత పెరడుకీ తగవు ఉండదు. పెరడు ఇంటి గుట్టు, చేను ఊరి గుట్టు. కోల్ఖోజ్ తల్లి పెరట్లో ఒళ్ళు దాచుకోకుండా పనిచేసిందంటే ఆమె స్వార్థపరురాలు అని కాదు. ఆ నేల మీద ఏ పాదు ఎక్కడ వేయాలో ఆమె నిర్ణయించింది, తవ్విన దుంప ఎవరి గిన్నెలోకి పోతుందో ఆమెకు తెలుసు. ఉమ్మడి చేలో కూడా ఆ రెండూ ఉండి ఉంటే ఆమె అక్కడా అలాగే పనిచేసేది. పొమొచ్‌కు పిలిస్తే కదిలి వచ్చిన ఊరు అందుకు సాక్ష్యం.

మన సంగతికి వస్తే, మన చేతిలో ఇప్పుడు రెండు కాగితాలున్నాయి. ఒకటి 1996 నాటి పెసా చట్టం. మన ఊరి వనరుల మీద గ్రామసభ మాట వినాలని చెప్పింది. రెండోది 2006 నాటి అటవీ హక్కుల చట్టం. అడవిలో బతికే జనానికి చరిత్రలో అన్యాయం జరిగిందని ఆ చట్టం మొదట్లోనే ఒప్పుకుంది. అందులో సొంత పెరడూ ఉంది, ఉమ్మడి చేనూ ఉంది. సాగులో ఉన్న భూమికి 4 హెక్టార్ల దాకా పట్టా వస్తుంది, పెళ్ళయిన వాళ్ళకైతే భార్యాభర్తలిద్దరి పేరనా రావాలి. దానితోపాటు ఊరంతటికీ కలిపి అడవి వనరుల మీద సామూహిక హక్కు అడగొచ్చు. వెదురును చిన్నతరహా అటవీ ఫలసాయం కింద చేర్చింది కూడా ఆ చట్టమే. అదే వెదురు, అదే కత్తి, అదే చెయ్యి. నిన్న దొంగతనం అన్నదాన్ని ఇవాళ హక్కు అంటున్నారు. మారింది మనిషి గుణం కాదు. ఎవరిది అని తేల్చే చోట మన మాటకు కొంచెం చోటు దొరికింది, అంతే.

ఆ చోటును మనం వాడుకుంటున్నామా? రిజిస్టరు ఇంటింటికీ తిప్పి సంతకాలు, వేలిముద్రలు తీసుకుని గ్రామసభ జరిగిందని రాసుకుంటే, అది జిల్లా నుంచి పేరు వస్తే చేతులెత్తిన కోల్ఖోజ్ సభకు ఏం తీసిపోయింది? చాలామంది యువకులు పట్టా గురించి అడుగుతారు. మంచిదే, అడగాలి. సామూహిక హక్కు గురించి అడిగేవాళ్ళు తక్కువ. చింతచెట్టు, ఇప్పచెట్టు, వాగు, పశువుల మేత బీడు ఏ ఒక్కరి పట్టాలోకీ రావు. వాటి గురించి అందరం అడగకపోతే ఎవరూ అడగరు.

మన పాత కట్టుబాట్లన్నీ బంగారం అని చెప్పుకోవడం కూడా మంచిది కాదు. రష్యా మీర్ సభలో కూర్చున్నది ఇంటి పెద్దలు, అంటే ఎక్కువగా మగవాళ్ళు. మన కుల పంచాయతీల్లోనూ అంతే. విత్తనం దాచేది అమ్మ, కలుపు తీసేది అమ్మ, ఇప్పపువ్వు ఏరేది అమ్మ. పంచే చోట ఆమె గోడ పక్కన నిలబడుతుంది. పంచే చోట కూర్చున్నవాళ్ళదే సొత్తు అని ఇంతసేపూ చెప్పాం. ఆ మాట మన ఇంటికి కూడా వర్తిస్తుంది.

ఉపాధ్యాయ మిత్రులకు ఒక మనవి. నీతి పాఠం చెప్పేటప్పుడు దొంగతనం తప్పు అని ఒక్క ముక్కలో ముగించకండి. తప్పే, కానీ ఎవరిది అనే ప్రశ్న దానికంటే ముందు వస్తుంది. ఆ కోల్ఖోజ్ తల్లి కథ పిల్లలకు చెప్పండి. ఊరి మధ్య చింతచెట్టు పండు ఎలా పంచుకోవాలో వాళ్ళనే గుండ్రంగా కూర్చోబెట్టి తేల్చమనండి. చెట్టెక్కి దులిపినవాడికి ఎంత, కింద ఏరిన చెల్లికి ఎంత, కాలు విరిగి ఇంట్లో ఉన్న తాతకు ఎంత? పిల్లలు గట్టిగా వాదించుకుంటారు. వాదించుకోనివ్వండి. పంచడం నేర్చుకోవాలంటే ముందు లెక్క అడగడం నేర్చుకోవాలి.

పరిగె ఏరుకుంటే దొంగతనమా అని మొదట్లో అడిగాం. మా జవాబు, కాదు. తాను విత్తిన చేలో తనకు వాటా లేకుండా చేసిన లెక్కలోనే దొంగతనం జరిగింది. ఆ తల్లి తన వాటాలో ఐదు కంకులు వెనక్కి తీసుకుంది. మన ఊళ్ళో ఏ తల్లికీ తన వాటాను అలా చీకట్లో, భయపడుతూ తీసుకోవాల్సిన గతి పట్టకూడదు. అది మన గ్రామసభలో మనం కూర్చోవడం మీద ఆధారపడి ఉంది. వచ్చే సభకు వెళ్ళేటప్పుడు ఇంట్లో ఆడవాళ్ళను కూడా వెంటబెట్టుకుని వెళ్దాం.